బండ్లు ఆగిన వీధి ఎవరిది?

హైదరాబాద్‌లో చార్మినార్ పక్కనే ఉన్న లాడ్‌బజార్‌లో సాయంత్రం పూట నిదానంగా నడిస్తే చూడవలసినవి చాలా ఉంటాయి. కొన్ని దుకాణాల ముందు పనివాళ్లు నిప్పుల మీద లక్కను మెత్తబరిచి, గాజు ఆకారానికి వంచి, అది గట్టిపడేలోగా ఒక్కో రాయినీ ఎత్తి పొదుగుతుంటారు. పెళ్లిచీర రంగుకు జత కుదిరే గాజుల కోసం వచ్చిన ఆడవాళ్లు చీర అంచును వెలుతురు వైపు తిప్పి చూస్తూ పెట్టె తర్వాత పెట్టె తెరిపిస్తుంటారు. బేరం తెగడానికి చాలాసేపు పడుతుంది. ఆలోగా వెనక హారన్ మోగుతూనే ఉంటుంది. పిల్లల చేతులు పట్టుకుని అందరూ మెట్ల వైపు ఒదుగుతారు. స్కూటర్ దూరి వెళ్లిపోతుంది. మళ్లీ బేరం మొదలవుతుంది.

చార్మినార్ పరిసరాలను నడిచేవాళ్లకు అప్పగించాలన్న ఆలోచన నిన్నమొన్నటిది కాదు. ప్రాజెక్టు పేరు చెప్పుకుని పనులు మొదలై, ఆగి, మళ్లీ మొదలయ్యేసరికి ఉమ్మడి రాష్ట్రం రెండయింది. చివరికి కట్టడం చుట్టూ బండ్లు ఆపారు, రాతి పలకలు పరిచారు, అడ్డుగా దిమ్మెలు నాటారు. అది మంచి పనే, సందేహం లేదు. 1591 నాటి కట్టడం చుట్టూ బస్సులూ ఆటోలూ పొగ చిమ్ముతూ తిరిగిన రోజులు చూసినవాళ్లకు ఆ తేడా తెలుస్తుంది. అయితే దిమ్మెల మధ్య సందులోంచి ద్విచక్రవాహనం దూరుతున్నంత కాలం అది సగం పనే.

వీధిలోకి బండ్లు రాకుండా ఆపడం ఒక్క రాత్రిలో చేయొచ్చు. ఆపి ఉంచడానికి ఏళ్లు పడుతుంది. ప్రపంచంలో డెబ్భై ఏళ్లుగా జరిగిన ప్రయత్నాలను వరుసగా చూస్తే, నిలబడిన వీధుల్లో మూడు విషయాలు కుదిరాయి. జనం అక్కడికి కారు లేకుండా చేరగలిగారు. ఆ వీధి మీద బతికేవాళ్లకు అందులో చోటు దక్కింది. ఎవరో ఒకరు దాన్ని రోజూ కనిపెట్టుకుని ఉన్నారు. ఈ మూడూ కుదరని చోట ఎంత ఖరీదైన రాయి పరిచినా వీధి పాతదారికే పోయింది.

ఈ చర్చ మనకు ఎందుకంటే, మన దేశంలో నడిచేవాళ్లు తక్కువేమీ కాదు. వ్యవసాయం, ఇంటిపట్టున చేసే వృత్తులు మినహా మిగతా పనుల్లో ఉన్నవాళ్లలో ఐదో వంతుకు పైగా పనికి నడిచే వెళ్తున్నారని 2011 జనాభా లెక్కలు చెప్పాయి. బస్సెక్కేవాళ్లంతా స్టాపు దాకా నడిచేవాళ్లే. కేంద్ర రవాణా శాఖ నివేదిక ప్రకారం 2022లో దేశంలో రోడ్డు ప్రమాదాల్లో 1,68,491 మంది చనిపోతే, అందులో 32,825 మంది పాదచారులు. అంటే రోజుకు దాదాపు 90 మంది. వీళ్లలో ఎక్కువమంది పేరు పత్రికల్లో జిల్లా పేజీ దాటదు. 2025 మేలో సుప్రీంకోర్టు, నడవడానికి వీలైన ఫుట్‌పాత్ ఉండటం రాజ్యాంగం 21వ అధికరణ కింద జీవించే హక్కులో భాగమేనని చెప్పింది. నడక గురించి మాట్లాడటం తీరిక ఉన్నవాళ్ల సరదా అనుకునేవాళ్లు ఈ అంకెలను ఒకసారి చూడాలి.

బండ్లు లేని వీధి మనకు కొత్తదీ కాదు. తిరుమల మాడ వీధులనే తీసుకోండి. ఆలయం చుట్టూ నాలుగు వీధులు. మామూలు వాహనాలకు ప్రవేశం లేదు, భక్తులు చెప్పులు కూడా విడిచి నడుస్తారు. బ్రహ్మోత్సవాల్లో గరుడసేవ రోజు ఆ నాలుగు వీధుల్లోనూ, గ్యాలరీల్లోనూ లక్షల మంది కూర్చుంటారు, నిలబడతారు, కదులుతారు. కార్లూ బస్సులూ బయటి రింగురోడ్డు మీదే తిరుగుతాయి. ఎండాకాలంలో రాయి కాళ్లు కాల్చకుండా చలువ రంగు వేస్తారు, పట్టాలు పరుస్తారు, నీళ్లు చల్లుతారు. తాగునీళ్లు, మరుగుదొడ్లు, తప్పిపోయిన పిల్లల్ని అప్పగించే కేంద్రాలు, తొక్కిసలాట కాకుండా చూసే సిబ్బంది అన్నీ ఉంటాయి. అది పుణ్యక్షేత్రం కాబట్టి సాధ్యమైందని తేలిగ్గా అనేస్తాం. భక్తి వల్ల జనం చెప్పులు విడుస్తారు, నిజమే. కానీ నీళ్లు చల్లేది, రంగు వేసేది, బండిని కొండమీద ఎక్కడ ఆపాలో నిర్ణయించేది పాలనా యంత్రాంగం. ఆ శ్రద్ధలో పదోవంతు ఏ నగరపాలక సంస్థ అయినా ఒక బజారు మీద పెట్టలేదా?

ఆధునిక నగరాల కథ రెండో ప్రపంచయుద్ధం తర్వాత మొదలవుతుంది. బాంబులకు నేలమట్టమైన రాటర్‌డామ్‌లో 1953లో లైన్‌బాన్ అనే బజారును మొదటి నుంచీ నడక కోసమే కట్టారు. ఉన్న వీధిని మార్చడం అంతకంటే కష్టం. ఆ కష్టానికి అందరూ చెప్పుకునే పేరు కోపెన్‌హాగన్‌లోని స్ట్రాయెట్. కిలోమీటరుకు కాస్త ఎక్కువ పొడవున్న ఆ బజారు వీధిని 1962 నవంబరులో ప్రయోగంగా కార్లకు మూసేశారు. వ్యాపారులు మునిగిపోతామన్నారు. వీధుల్లో కూర్చుని కబుర్లు చెప్పుకోవడం ఇటలీ వాళ్ల అలవాటు, చలిదేశపు డేన్‌లకు అది పనికిరాదన్నారు. రెండేళ్లలో ఆ మూసివేత శాశ్వతమైంది. యాన్ గేల్ అనే యువ వాస్తుశిల్పి ఆ వీధిలో ఎంతమంది నడుస్తున్నారు, ఎక్కడ ఆగుతున్నారు, ఎక్కడ కూర్చుంటున్నారు అని ఏళ్ల తరబడి లెక్కపెట్టాడు. జనం మధ్య జీవితం ఎలా పుడుతుందో వివరిస్తూ 1971లో ఆయన రాసిన పుస్తకం తర్వాతి తరం నగర ప్రణాళికలకు పాఠ్యమైంది. నా దృష్టిలో ఆయన చేసిన గొప్ప పని ఆ లెక్కే. వాహనాలను లెక్కించే పద్ధతి ప్రతి ఇంజనీరింగ్ శాఖకూ తెలుసు. బెంచీ మీద కూర్చున్న ముసలమ్మను లెక్కించడం ఆయన నేర్పాడు.

ఇదే కాలంలో అమెరికా కూడా ఇదే పని చేసింది, దారుణంగా దెబ్బతింది. ఈ సగం కథను చాలామంది చెప్పరు, చెప్పి తీరాలి. మిషిగన్ రాష్ట్రంలోని కలమజూ 1959లో తన ప్రధాన బజారులో బండ్లు ఆపేసింది. ఆ దేశంలో అదే మొదటిది. దాని వెనక ఉన్న ఆలోచన విక్టర్ గ్రూయెన్ అనే వాస్తుశిల్పిది. వియన్నాలో పుట్టి, నాజీల నుంచి తప్పించుకుని అమెరికా చేరినవాడు. తన ఊరి వీధుల సందడిని కొత్త దేశంలో పుట్టించాలని తపించాడు. 1964లో కాలిఫోర్నియాలోని ఫ్రెస్నో కూడా ఆయన ప్రణాళికతోనే ఫుల్టన్ వీధిని నడకకు ఇచ్చింది. వాటిని చూసి దాదాపు 200 ఊళ్లు అదే బాట పట్టాయి. వాటిలో ఎక్కువ భాగం మళ్లీ కార్లకు తెరుచుకున్నాయి. షికాగో స్టేట్ స్ట్రీట్‌లో 1979లో కార్లు ఆపి 1996లో వదిలేశారు. కలమజూ తన వీధిలో కొంత భాగాన్ని 1998లో తెరిచింది, ఫ్రెస్నో 2017లో తెరిచింది.

ఎందుకు ఓడిపోయాయి? అప్పటికే జనం ఊరి మధ్య ఇళ్లు వదిలి శివార్లకు పోయారు. అక్కడ మూడు నిమిషాల్లో కారు నిలుపుకునే మాల్స్ వెలిశాయి. ఊరి మధ్యకు రావాలన్నా కారే, మరో దారి లేదు. వీధి మీద దుకాణాలు తప్ప పైన కాపురాలు లేవు కాబట్టి సాయంత్రం ఆరు దాటితే మనిషి కనబడడు. మనిషి కనబడని వీధికి ఆడవాళ్లూ పిల్లలూ రారు, వాళ్లు రాకపోతే దుకాణం ఎత్తేస్తారు. మరి బతికినవేవి? కొలరాడోలోని బౌల్డర్, వెర్మాంట్‌లోని బర్లింగ్టన్ లాంటివి. రెండూ విశ్వవిద్యాలయం ఉన్న ఊళ్లు. నడిచి వచ్చేంత దూరంలో వేలాదిమంది కుర్రకారు ఉన్నారు. మాల్ అనే కట్టడాన్ని అమెరికాకు అలవాటు చేసిన గ్రూయెన్ నడక వీధులు చివరికి ఆ మాల్ చేతిలోనే ఓడిపోయాయి.

ఆ పాఠాన్ని మన దగ్గరికి తెచ్చుకుంటే, మన బజార్లకు అమెరికా జబ్బు లేదు. బేగంబజార్‌లోనో, గుంటూరు పట్నంబజారులోనో కింద దుకాణం, పైన కాపురం, వెనక గోదాము. జనం కొరత అనే సమస్యే మనకు తెలియదు. ఇది మనకు చరిత్ర ఇచ్చిన ఆస్తి. కొత్తగా కడుతున్న గచ్చిబౌలి వైపు రోడ్లకు ఆ ఆస్తి లేదు. అక్కడ ఎనిమిది వరుసల రోడ్డు పక్కన అద్దాల భవనం, దాని కింద పార్కింగ్, చుట్టూ ప్రహరీ. రేపు అక్కడ బండ్లు ఆపినా నడవడానికి చేరుకునే కారణం ఉండదు.

బండ్లు ఆపమనగానే వచ్చే మొదటి ప్రశ్న, ఆ ట్రాఫిక్ అంతా ఎక్కడికి పోతుందని. పక్కవీధి మీద పడుతుంది, అక్కడివాళ్ల గతేమిటని. న్యాయమైన ప్రశ్న. 1998లో బ్రిటన్‌లో శాలీ కెయిన్స్, కార్మెన్ హాస్ క్లావ్, ఫిల్ గుడ్విన్ అనే పరిశోధకులు, రోడ్డును మూసిన లేదా ఇరుకు చేసిన సందర్భాలను వివిధ దేశాల నుంచి సేకరించి పరిశీలించారు. తర్వాత ఆ సందర్భాల సంఖ్యను 70కి పెంచారు. చుట్టుపక్కల రోడ్లన్నీ కలిపి చూసినా మొత్తం ట్రాఫిక్ తగ్గిందని తేలింది. మార్చిన రోడ్డు మీద అంతకుముందు ఉన్న ట్రాఫిక్‌తో పోలిస్తే సగటున దాదాపు 22 శాతం, మధ్యస్థం తీసుకుంటే 11 శాతం. ఈ రెండు అంకెల మధ్య ఉన్న దూరమే అసలు విషయం చెబుతోంది. కొన్నిచోట్ల బాగా తగ్గింది, కొన్నిచోట్ల అసలు తగ్గలేదు. తగ్గిన చోట మనుషులు బస్సెక్కారు, వేళ మార్చుకున్నారు, రెండు పనులు ఒకే ప్రయాణంలో చేసుకున్నారు, కొన్ని ప్రయాణాలు మానేశారు. అలా మానుకోవడానికి వెసులుబాటు ఉన్న ఊళ్లో తగ్గుతుంది, లేని ఊళ్లో పక్కవీధి మీదే పడుతుంది. నగర బస్సు కోసం ముప్పావుగంట నిలబడాల్సిన చోట వీధి మూసి, ట్రాఫిక్ దానంతటదే ఆవిరవుతుందని నమ్మడం ఆ పరిశోధనకు అన్యాయం చేయడమే.

అందుకే ఒక్క వీధిని విడిగా మూయడం కంటే ఊరి మధ్య భాగం మొత్తానికి దారులు మళ్లించిన ఊళ్ల అనుభవం విలువైనది. నెదర్లాండ్స్‌లోని గ్రోనింగన్ 1977లో నగర మధ్యాన్ని నాలుగు ముక్కలు చేసింది. ఒక ముక్క నుంచి పక్క ముక్కకు కారులో నేరుగా పోలేరు. బయటి రింగురోడ్డు ఎక్కి, చుట్టూ తిరిగి, మళ్లీ లోపలికి రావాలి. నడిచేవాళ్లకూ సైకిళ్లకూ మాత్రం దారి సూటిగా ఉంటుంది. ఏ ఇంటికీ కారు రాదని ఎవరూ అనలేదు, ప్రతి గుమ్మానికీ చేరొచ్చు. ఊరి నడిబొడ్డును దగ్గరి దారిగా వాడుకోవడం మాత్రం కుదరదు. బెల్జియంలోని గెంట్ నగరం 2017లో దాదాపు ఇదే పద్ధతి తెచ్చింది. విజయవాడ వన్‌టౌన్‌నో, వరంగల్ చౌరస్తా ప్రాంతాన్నో మనసులో పెట్టుకుని ఈ పటం గీసి చూస్తే, ఖర్చు ఎంత తక్కువో తెలుస్తుంది. కావలసింది కొన్ని దిమ్మెలు, కొన్ని బోర్డులు, గట్టి నిర్ణయం.

గట్టి నిర్ణయమంటే స్పెయిన్‌లోని పొంతెవెద్ర చెప్పుకోదగ్గది. 80 వేల పైచిలుకు జనాభా ఉన్న చిన్న ఊరు, మన దగ్గర ఓ మోస్తరు మున్సిపాలిటీ అంత. వృత్తిరీత్యా వైద్యుడైన మిగెల్ అన్షో ఫెర్నాండెస్ లోరెస్ 1999లో మేయరయ్యాడు. పదవి చేపట్టిన నెలరోజుల్లోనే పాతబస్తీలో 3 లక్షల చదరపు మీటర్ల మేర కార్లు ఆపించాడు. ఊరి అంచుల్లో ఉచిత పార్కింగ్ పెట్టాడు. ఏ చౌరస్తా నుంచి ఏ చౌరస్తాకు నడిస్తే ఎన్ని నిమిషాలో చూపించే పటాన్ని మెట్రోరైలు పటం లాగా గీయించి ఊరంతా పంచారు. 1996 నుంచి 2006 వరకు ఆ వీధుల్లో రోడ్డు ప్రమాదాల్లో 30 మంది చనిపోగా, తర్వాతి పదేళ్లలో ఆ సంఖ్య మూడుకు తగ్గింది. అదే మేయరు వరుసగా ఎన్నికలు గెలుస్తూ వచ్చాడు. కార్లు ఆపితే ఓట్లు పోతాయని భయపడే నాయకులకు ఇంతకంటే ధైర్యం చెప్పే ఉదాహరణ ఇంకొకటి లేదు.

వ్యాపారుల భయాన్ని చిన్నచూపు చూడకూడదు. అప్పుచేసి సరుకు తెచ్చినవాడికి వారం గిరాకీ పోతే వడ్డీ కట్టడం కష్టం. బ్రెజిల్‌లోని కురిచీబా మేయర్ జైమే లెర్నర్ 1972లో ఆ భయాన్ని వాదనతో కాక వేగంతో ఎదుర్కొన్నాడు. శుక్రవారం సాయంత్రం కోర్టులు మూతపడ్డాక పని మొదలుపెట్టి, 72 గంటల్లో ప్రధాన బజారు వీధిని తవ్వి, రాళ్లు పరిచి, పూలమొక్కలు పెట్టించాడు. కోపంతో కార్లు తోలుకొస్తామన్నవాళ్లకు ఎదురుగా, వీధి పొడవునా కాగితాలు పరుచుకుని బొమ్మలు వేస్తున్న పిల్లలు కనిపించారు. కొన్నాళ్లకు వ్యాపారులే ఇంకొంచెం దూరం పొడిగించమన్నారు. ఈ కథ ఎంత ఉత్సాహమిచ్చినా, ఆ కాలపు బ్రెజిల్‌లో ఉన్నది సైనిక పాలన అని, లెర్నర్ ఎన్నికైన మేయరు కాదని కూడా గుర్తుంచుకోవాలి. న్యూయార్క్ 2009లో చేసిన పద్ధతి నాకు ఎక్కువ నచ్చుతుంది. టైమ్స్ స్క్వేర్ దగ్గర బ్రాడ్‌వేను మూసి, నేల మీద రంగు వేసి, చౌకరకం మడతకుర్చీలు వేశారు. ముందే ప్రయోగమని చెప్పారు. లెక్కలు చూశారు, నడిచేవాళ్లకు తగిలే గాయాలు 35 శాతం తగ్గాయి. ఆ తర్వాతే శాశ్వతమైన రాయి పరిచారు. మన దగ్గర వరస తిరగబడుతుంది. ముందు టెండరు, తర్వాత రాయి, ఆ తర్వాత వీధిలో ఏం జరగాలన్న ఆలోచన.

వ్యాపారి భయంలో ఇంకో పొర ఉంది, దాని గురించి పెద్దగా మాట్లాడరు. కొనేవాడి కారు కంటే, సరుకు దింపే ట్రాలీ ఆటోయే అతనికి ముఖ్యం. బేగంబజార్ లాంటి టోకు బజారులో రోజంతా మూటలు దిగుతూనే ఉంటాయి, హమాలీలు మోస్తూనే ఉంటారు. ఐరోపా నగరాలు దీనికి వేళలు పెట్టాయి. పొద్దున్న ఓ గంట వరకు సరుకు బండ్లు, ఆ తర్వాత మనుషులు. ఢిల్లీ చాందినీచౌక్‌లో ఇలాంటి వేళల పద్ధతే పెట్టారు. ఎర్రకోట వైపు నుంచి ఫతేపురీ మసీదు దాకా సుమారు 1.3 కిలోమీటర్ల వీధిని బాగుచేసి 2021 సెప్టెంబరులో ప్రారంభించారు. ఉదయం 9 నుంచి రాత్రి 9 దాకా మోటారు వాహనాలకు నిషేధం, సైకిల్ రిక్షాలకు అనుమతి. మొదట్లో ఆ వీధిని చూసి ఊరంతా మురిసిపోయింది. ఆ తర్వాత గేట్ల దగ్గర కాపలా సడలింది, స్కూటర్లు తిరిగొచ్చాయి, వ్యాపార సంఘాలే నిబంధన అమలుచేయమని అడిగే పరిస్థితి వచ్చింది. గేటు దగ్గర రోజంతా నిలబడే మనిషి జీతాన్ని ప్రాజెక్టు అంచనాలో ఎవరూ రాయరు. రాతి పలకల పద్దు మాత్రం పైసలతో సహా ఉంటుంది.

గ్యాంగ్‌టక్ మహాత్మాగాంధీ మార్గ్ మన దేశంలో నిలబడిన ఉదాహరణ. మధ్యలో పూలకుండీలు, బెంచీలు, రెండువైపులా దుకాణాలు. ఉమ్మడం, చెత్త వేయడం నిషేధం, ఆ నిషేధం నిజంగా అమలవుతుంది. షిమ్లా మాల్ రోడ్డు సంగతీ అంతే. కొండ ఊళ్లకు బండి ఎలాగూ ఇబ్బంది కాబట్టి అక్కడ కుదిరిందనేది సగం నిజం. ఊరి ఆదాయమంతా ఆ వీధి మీదే ఉందని అందరికీ తెలుసు కనుక అందరూ కాపలాదారులయ్యారు. బెంగళూరు చర్చ్ స్ట్రీట్‌లో 2020 నవంబరు నుంచి కొన్ని నెలలపాటు శని, ఆదివారాలు బండ్లు ఆపారు. భారతీయ విజ్ఞాన సంస్థ గాలి నాణ్యతనూ జనం అభిప్రాయాన్నీ పరిశీలించింది. ఫలితాలు బాగానే ఉన్నాయి. అయినా ప్రయోగం ముగిశాక వీధి మళ్లీ బండ్లకే పోయింది. ఫలితం బాగుంటే చాలదు, ఆ తర్వాతి సోమవారం బాధ్యత ఎవరిదో ముందే రాసి ఉండాలి.

ఇప్పుడు ఈ వ్యాసంలో నాకు అన్నిటికంటే ముఖ్యమైన సంగతి. బండ్లు ఆపిన వీధిలోంచి తోపుడుబండిని కూడా తరిమేస్తే, ఆ బండ్లు ఎవరికోసం ఆపినట్టు?

చెన్నై త్యాగరాయనగర్‌లో పాండీబజారు ఉంది. ఆ పేట తెలుగువాళ్లకు పరాయిది కాదు. త్యాగరాయనగర్ అన్న పేరు తెలుగు మాట్లాడే దేవాంగ కుటుంబంలో పుట్టిన పిట్టి త్యాగరాయ చెట్టిది. అక్కడి పానగల్ పార్కు, కాళహస్తిలో పుట్టి మద్రాసు ప్రెసిడెన్సీకి మంత్రిముఖ్యుడైన పానగంటి రామరాయనింగారిది. 2014లోనే చెన్నై నగరపాలక సంస్థ నడకకూ సైకిలుకూ ప్రాధాన్యమిచ్చే విధానాన్ని ఆమోదించింది, ఆ విషయంలో దేశంలో ముందువరసలో ఉంది. 2019 నవంబరులో పాండీబజారు పాదచారుల ప్లాజా ప్రారంభమైంది. కార్లు పూర్తిగా పోలేదు, కానీ రెండువైపులా ఫుట్‌పాత్‌లు బాగా వెడల్పయ్యాయి, కూర్చోవడానికి చోటు వచ్చింది, ముసలివాళ్లు ధైర్యంగా నడుస్తున్నారు. అది నిజమైన లాభం. అయితే అంతకుముందే, 2013లో, దశాబ్దాలుగా ఆ ఫుట్‌పాత్ మీద జాకెట్ గుడ్డలూ పూసలూ అమ్మినవాళ్లను ఓ బహుళ అంతస్తుల భవనంలోకి తరలించారు. ఫుట్‌పాత్ వ్యాపారం బతికేది దారినపోయేవాడి చూపు మీద. మెట్లెక్కి రావాలంటే ఆ చూపు పడదు.

సియోల్ కథ ఇంకా కటువుగా ఉంటుంది. నగరం నడిబొడ్డున ఎత్తయిన రోడ్డు కింద పూడుకుపోయిన ఛంగ్యేచాన్ వాగును 2003 నుంచి 2005 మధ్య బయటికి తీశారు. దాదాపు ఆరు కిలోమీటర్ల నీటిబాట పక్కన నడకదారులు. ప్రపంచమంతా వెళ్లి చూసి మెచ్చుకుంది. ఆ రోడ్డు కింద బతికిన చిల్లర వ్యాపారుల్ని పాత క్రీడా మైదానంలోకి పంపారు. కొన్నేళ్లకు ఆ మైదానాన్నీ కూల్చి కొత్త డిజైన్ కేంద్రం కట్టారు, వాళ్లు మళ్లీ లేచిపోయారు. ఒకే మనిషి బతుకును రెండుసార్లు సుందరీకరణ పేరుతో కదిలించారు.

మనకు 2014 వీధి వ్యాపారుల చట్టం ఉంది. సర్వే పూర్తయ్యేదాకా ఎవరినీ ఖాళీ చేయించకూడదని, పట్టణ వెండింగ్ కమిటీలో కనీసం 40 శాతం మంది వీధి వ్యాపారులే ఉండాలని అది చెబుతోంది. చార్మినార్ దగ్గర పండ్ల బండ్లను జరపడం, అవి మళ్లీ రావడం ఏళ్లుగా నడుస్తున్న వ్యవహారం. ప్రతిసారీ దాన్ని పోలీసు సమస్యగానే చూశారు. నడక వీధి పటం గీసే రోజునే తోపుడుబండి నిలబడే గీతను కూడా గీయాలి, ఆ గీత ఎక్కడుండాలో ఆ బండివాళ్లనే అడగాలి. అర్ధరాత్రి దాకా దీపం వెలిగించుకుని కూర్చునే పండ్లబండి వల్లనే ఒంటరిగా నడిచే ఆడపిల్లకు ఆ వీధి భయం లేకుండా ఉంటుంది. ఈ మాట ఏ భద్రతా ప్రణాళికలోనూ ఉండదు, ఆ వీధిలో నడిచే ప్రతి స్త్రీకీ తెలుసు.

ఎండ సంగతి. కోపెన్‌హాగన్ వాళ్లు ఎండ కోసం వీధిలోకి వస్తారు, మనం ఎండ నుంచి తప్పుకోవడానికి పక్కకు జరుగుతాం. మే నెలలో రామగుండంలోనో, రెంటచింతలలోనో మధ్యాహ్నం రెండింటికి చెట్టులేని రాతి వీధిలో నడవమనడం శిక్షే. చార్మినార్‌కు కూతవేటు దూరంలోనే దీనికి జవాబుంది. 1908 మూసీ వరదల తర్వాత ఏర్పడిన నగరాభివృద్ధి సంస్థ పత్తర్‌గట్టీలో దుకాణాల ముందు రాతి కమానుల వరండాలు కట్టింది. ఆ నీడలో ఎండా వానా తగలకుండా వీధి ఆ చివరి దాకా నడవచ్చు. ఇవాళ ఆ వరండాల్లో చాలా చోట్ల దుకాణాల సరుకే బయటికి వచ్చి నిండిపోయింది. మన కొత్త నడక వీధుల బొమ్మల్లో అలంకరణ దీపాలూ తాటిజాతి మొక్కలూ కనిపిస్తాయి, వేపా కానుగా కనబడవు. నీడ ఇవ్వని చెట్టుకు నడక వీధిలో పనిలేదు.

నడవలేనివాళ్ల ప్రశ్నకూ జవాబు ఉండాలి. స్లోవేనియా రాజధాని ల్యుబ్ల్యానాలో మధ్యభాగం మూశాక, వృద్ధులకూ నడవలేనివాళ్లకూ ఉచితంగా తిరిగే చిన్న విద్యుత్ బండ్లు పెట్టారు. మన దగ్గర దిమ్మెలు ఎంత దగ్గరగా నాటుతారంటే చక్రాల కుర్చీ దూరదు, స్కూటర్ మాత్రం ఎలాగో దూరుతుంది.

తెలుగు నగరాల్లో ఇప్పటిదాకా జరిగింది ఎక్కువగా ఆదివారపు ముచ్చట. 2020లో దుర్గంచెరువు తీగల వంతెన తెరిచాక వారాంతాల్లో బండ్లు ఆపి జనాన్ని నడవనిచ్చారు. 2021 ఆగస్టులో ట్యాంక్‌బండ్ మీద ఆదివారం సాయంత్రాలు మొదలయ్యాయి. ఆ అక్టోబరులో చార్మినార్ దగ్గర కూడా అలాంటి సాయంత్రాలే పెట్టారు. మామూలు రోజుల్లో రోడ్డు దాటడానికే భయపడే చోట పిల్లలు రోడ్డు మధ్య పరుగులు తీశారు, అమ్మమ్మలు డివైడర్ మీద కూర్చుని ఐస్‌క్రీం తిన్నారు. విశాఖ బీచ్‌రోడ్డు తెల్లవారుజామున నడిచేవాళ్లదే. కొలంబియా రాజధాని బొగొతా 1974లో ఇలాంటి ఆదివారాలతోనే మొదలుపెట్టింది. ఇప్పుడు ప్రతి ఆదివారం, సెలవురోజు 120 కిలోమీటర్లకు పైగా రోడ్లు సైకిళ్లకూ నడకకూ తెరుచుకుంటాయి. యాభై ఏళ్లుగా మేయర్లు మారినా ఆగలేదు. మన ఆదివారాలు ఒక అధికారి ఉత్సాహంతో మొదలై, అతని బదిలీతోనో మరో కారణంతోనో చల్లబడ్డాయి. దానికో చట్టబద్ధమైన ఉత్తర్వు, ఏటా కొంత పద్దు, ఒక శాఖ ఉండి ఉంటే ఇవాళ ట్యాంక్‌బండ్ పిల్లలకు అది హక్కయి ఉండేది.

ఎక్కడ మొదలుపెట్టాలని ఎవరైనా అడిగితే నేను రెండు చోట్లు చూపిస్తాను. మొదటిది బడి ముందు వీధి. ఇటలీలోని బొల్జానో 1989లోనే బడి మొదలయ్యే, వదిలే వేళల్లో ఆ వీధిని కాసేపు మూయడం మొదలుపెట్టింది. పారిస్, లండన్ ఇప్పుడు వందల సంఖ్యలో ఆ పని చేస్తున్నాయి. పొద్దున్న ఓ ముప్పావుగంట, సాయంత్రం ఓ ముప్పావుగంట. రాయి అక్కర్లేదు, రెండు బారికేడ్లూ ఇద్దరు మనుషులూ చాలు. మన బడుల ముందు ఆటోలూ వ్యాన్లూ స్కూటర్లూ ఒకదాని మీదొకటి ఎక్కే ఆ సమయంలో, బరువైన సంచితో వాటి మధ్య దారి వెతుక్కునేది ఆరేళ్ల పిల్ల. ఈ ప్రతిపాదనకు అడ్డుచెప్పే తల్లిదండ్రులు ఉంటారని నేననుకోను.

రెండోది విజయవాడ బీసెంట్ రోడ్డు. ఏలూరు రోడ్డుకూ బందరు రోడ్డుకూ మధ్య బట్టల దుకాణాలు, వాటి ముందు వరసగా చిరువ్యాపారులు. సంక్రాంతి ముందు అక్కడ కారు తోలడం ఎలాగూ కుదరదు, జనమే రోడ్డు. అక్కడ బండ్లు ఆపడానికి ఎవరినీ ఒప్పించనక్కర్లేదు, సగం పని జనం ఎప్పుడో చేసేశారు. మిగిలిన సగం నగరపాలక సంస్థది. చివర్లలో బస్టాపు, రెండువైపులా కాస్త దూరంలో పార్కింగ్, తెల్లవారుజామున సరుకు దించుకునే వేళ, అగ్నిమాపక శకటం పోయేంత ఖాళీ దారి, చిరువ్యాపారులకు పేరుతో రాసిచ్చిన చోటు, ఆడవాళ్లకు శుభ్రమైన మరుగుదొడ్డి, పైన నీడ. వీటన్నిటికీ ముందు ఒక వారంపాటు ఆ వీధిలో ఎంతమంది నడుస్తున్నారో, ఎంతమంది బండి మీద వస్తున్నారో గంటగంటకూ లెక్కపెట్టించి ఆ అంకెలను వీధి చివర బోర్డు మీద రాయించాలి. ఆ బోర్డు చూశాక వ్యాపార సంఘంతో జరిగే మొదటి సమావేశం వేరే తీరుగా ఉంటుంది.